కనురెప్ప గాయానికి సరైన కోడు రాద్దాం

సంక్రాంతి వచ్చిందంటే చిక్కడపల్లి, నారాయణగూడ, అశోక్ నగర్ మేడల మీద పతంగులే. బండి మీద వెళ్లేవారికి మాంజా తగిలి కనురెప్ప తెగితే, కేస్ షీటులో "కంటి గాయం" అని రాసి ఊరుకోవడం చాలదని మేము భావిస్తున్నాము.

ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి ఐ.సి.డి.-10 ప్రకారం రెప్ప తెగితే ఎస్ 01.1, కమిలితే ఎస్ 00.1, కాలితే టి 26.0. కన్నీటి నాళం కూడా తెగితే ఆ సంగతీ రాయాలి. ముక్కువైపు మూలలో తెగిన నాళాన్ని గమనించక పైపైన కుట్లు వేస్తే, ఆ కంట జీవితాంతం నీరు కారవచ్చు. గాయాన్ని సరిగ్గా నమోదు చేయాలంటే ఆ మూలను చూడక తప్పదు. కనుక ఇది గుమాస్తా పని అని తేలిగ్గా తీసుకోకూడదు.

కారణం కూడా రాయాలి. టపాసుల గాయానికి డబ్ల్యు 39 ఉంది. నైలాన్ మాంజాను జాతీయ హరిత ట్రిబ్యునల్ 2017లోనే దేశమంతటా నిషేధించింది. అయినా గాయాలు ఆగలేదు. లెక్కలోకి రాని గాయం అధికారుల కంట పడదు. 2022లో ఐ.సి.డి.-11 అమలులోకి వచ్చింది. కోడు మారినా ఈ మాట మారదు.

పాఠకులారా, దెబ్బ ఎలా తగిలిందో దాచకుండా చెప్పండి. డిశ్చార్జి కాగితంలో ఏ కన్ను, ఏ రెప్ప, దేనివల్ల అన్నది ఉందో లేదో చూసుకోండి. గాయాన్ని రుద్దకండి. శుభ్రమైన గుడ్డ కప్పి వెంటనే ఆసుపత్రికి రండి.