పండుగ మనది, జాబితాలో పేరేది?

2025లో ఉగాది మార్చి 30, ఆదివారం వచ్చింది. ఆ సాయంత్రమే షవ్వాల్ నెలవంక కనబడటంతో మర్నాడు సోమవారం రంజాన్ పండుగ జరుపుకున్నాం. సారపాకలాంటి ఊళ్లో రెండు పండుగలు ఇలా వెంటవెంటనే వస్తే ఎలా ఉంటుందో వేరే చెప్పనక్కర్లేదు. పొద్దున పక్కింటి నుంచి వచ్చిన ఉగాది పచ్చడి గిన్నెను ఇఫ్తార్ దాకా మూతపెట్టి ఉంచుతాం. మర్నాడు అదే గిన్నె షీర్ ఖుర్మాతో వెనక్కి వెళుతుంది.

ఇది కాకతాళీయం కాదు. తెలుగులో ‘నెల’ అంటే చంద్రుడు, ముప్ఫై రోజుల మాసం కూడా అదే మాట. నెలవంక, వెన్నెల, నెలపొడుపు అన్నీ అందులోంచి వచ్చినవే. మన ఇళ్లలో ‘చాంద్’ కూడా అంతే. అమావాస్య వెళ్లిన మర్నాడు చైత్రం మొదలవుతుంది. నెలవంక కంటికి కనబడ్డాక మన నెల మొదలవుతుంది. అందుకే 2024లో ఉగాది ఏప్రిల్ 9న, రంజాన్ పండుగ 11న వచ్చాయి.

తేడా మరొకచోట ఉంది. చాంద్రమాన సంవత్సరానికి సుమారు 354 రోజులు. ఆ లోటు పూడ్చడానికి పంచాంగంలో మూడేళ్లకోసారి దాదాపుగా అధికమాసం కలుపుతారు. మనకు ఆ పద్ధతి లేదు. నెలలు పన్నెండే అని పవిత్ర ఖురాన్ తౌబా సూరా 36వ వాక్యం చెబుతోంది. నెలలను ముందుకూ వెనక్కూ జరిపే పాత అరబ్బు ఆచారాన్ని ఆ తరువాతి వాక్యం ఖండించింది. అందువల్ల మన పండుగలు ఏటా సుమారు 11 రోజులు ముందుకు జరుగుతాయి. 2030లో జనవరిలో ఒకసారి, డిసెంబరులో మరోసారి రంజాన్ మాసం మొదలుకానుంది.

ఈ లెక్క తెలియకపోతే నష్టం సెలవు దగ్గర మొదలవుతుంది. ఆఫీసులో తేదీ అర్ధరాత్రి మారుతుంది. పంచాంగంలో రోజు సూర్యోదయంతో మొదలవుతుంది. మన రోజు సూర్యాస్తమయంతో మొదలవుతుంది. ‘షబ్’ అంటే రాత్రి. షాబాన్ 15 ఫలానా బుధవారం అయితే షబే బరాత్ జాగారం మంగళవారం రాత్రి గడుస్తుంది. ఇది విడమరచి చెప్పకపోతే, మంగళవారం రాత్రి షిఫ్టు పడ్డ మనిషి బుధవారం సెలవు పెట్టి ఏం లాభం?

ఇక పేర్ల సంగతి. తెలంగాణ ప్రభుత్వ సెలవుల్లో రెండు రకాలున్నాయి. రంజాన్, దాని మరుసటి రోజు, బక్రీద్, మొహర్రం, మిలాదున్నబీ సాధారణ సెలవులు. షబే మేరాజ్, షబే బరాత్, షబే ఖదర్, జుమాతుల్ విదా వంటివి ఐచ్ఛిక సెలవులు. ఉద్యోగి ఏడాదిలో వీటిలో ఐదుకు మించకుండా వాడుకోవచ్చు. ఆ జాబితాలోనే ‘యాజ్‌దహుమ్ షరీఫ్’ అని ఒకటుంది. చాలామంది అది ఏ పండుగో అనుకుని పేజీ తిప్పేస్తారు. పారశీకంలో యాజ్‌దహుమ్ అంటే పదకొండవది. హజ్రత్ అబ్దుల్ ఖాదర్ జీలానీ పేరిట రబీవుస్సానీ 11న మన ఊళ్లలో జరిపే గ్యార్మీ అదే! ఆచరణలో మనలో భేదాలుండవచ్చు. కాని పేరు తెలియక హక్కు పోగొట్టుకోవడం వేరే సంగతి.

ఇంటి పేర్లు తక్కువవేమీ కావు. సఫర్‌ను తేరా తేజీ అని, రబీవుల్ అవ్వల్‌ను బారా వఫాత్ అని, జుల్‌ఖాదాను ఖాలీ చాంద్ అని మన అవ్వలు పిలిచారు. ఏలూరులో పుట్టిన జాఫర్ షరీఫ్ దక్కను ముస్లింల పండుగలను, ఆచారాలను ‘ఖానూనె ఇస్లాం’లో వివరంగా రాశాడు. హెర్‌క్లాట్స్ అనే వైద్యుడు చేసిన దాని ఆంగ్లానువాదం 1832లో లండన్‌లో అచ్చయింది. మన పేర్లను అంత శ్రద్ధగా రాసిపెట్టింది మన తెలుగు గడ్డ మీద పుట్టినవాడేనని పిల్లలకు చెప్పాలి.

సారపాకకు మరో చిక్కుంది. వంతెన దాటితే భద్రాచలం, ఆ పక్కనే ఎటపాక. 2014లో బూర్గంపాడు మండలంలో కొన్ని గ్రామాలు ఆంధ్రప్రదేశ్‌కు పోగా సారపాక తెలంగాణలో ఉండిపోయింది. బంధువులు అటూ ఇటూ ఉన్నారు. సెలవుల జాబితాలు మాత్రం రెండు ప్రభుత్వాలవి. పైగా అవి ప్రభుత్వ కార్యాలయాలకు. 2025లో మార్చి 2 నుంచి 31 వరకు ముస్లిం ఉద్యోగులు సాయంత్రం 4 గంటలకే వెళ్లవచ్చని తెలంగాణ ప్రభుత్వం ఉత్తర్వు ఇచ్చింది. కాంట్రాక్టు, అవుట్ సోర్సింగ్ వారికీ అది వర్తించింది. కాని ప్రైవేటు కర్మాగారంలో షిఫ్టు చేసేవారికి, రోజుకూలీకి ఆ వెసులుబాటు దానంతటదే రాదు. వారు ముందుగా అడగాల్సిందే.

“తేదీ మీకే తెలియదు కదా” అని సూపర్‌వైజర్ అంటే మన దగ్గర జవాబుండాలి. ముందు రోజు రాత్రి దాకా తేలనిది రంజాన్ పండుగ ఒక్కటే. బక్రీద్ జుల్‌హజ్ 10న, ఆషూరా మొహర్రం 10న వస్తాయి. ఆ నెలల నెలవంక కనబడగానే తొమ్మిది పది రోజుల ముందే తేదీ తెలిసిపోతుంది. 2024లో ప్రభుత్వమే మిలాదున్నబీ సెలవును సెప్టెంబర్ 16 నుంచి 17కు మార్చింది. నెలవంకను బట్టి తేదీ మారడం సర్కారుకూ తెలిసిన పద్ధతే.

పేరు తెలియకపోతే పొరుగువారూ పొరబడతారు. మొహర్రాన్ని ఊరంతా పీర్ల పండుగ అంటుంది. పండుగ అన్నాక శుభాకాంక్షలు చెప్పడం వారి మంచితనం. అది 680లో కర్బలాలో ఇమామ్ హుసేన్ ప్రాణాలర్పించిన రోజని నెమ్మదిగా చెప్పవలసింది మనం. మనమూ వారి పండుగల గురించి అడగాలి. చుట్టుపక్కల కోయవారు పండుగను ‘పండుం’ అంటారు. విత్తనాల పండుగ ఎప్పుడో గోడ మీది క్యాలెండరు చెప్పదు, ఊరి పెద్దలు చెబుతారు. చూసి చెప్పే తేదీ మన ఒక్కరిదే కాదన్నమాట.

చేయవలసింది పెద్ద పనేమీ కాదు. సెలవు చీటీలో జాబితాలో ఉన్న పేరే రాసి, పక్కన ఇంటి పేరు చేర్చుదాం. రంజాన్‌కైతే “నెలవంకను బట్టి ఈ రోజు గాని, మరుసటి రోజు గాని” అని వారం ముందే రాసిద్దాం. మసీదు కమిటీలు ఏటా మొహర్రంలో రెండు పేర్లతో ఒక పట్టిక తెలుగులో రాసి గోడకు అంటించాలి. పండుగ నమాజు వదిలి షిఫ్టుకు పరుగెత్తేవాడు, కూలి పోగొట్టుకుని ఈద్‌గాహ్‌లో నిలబడేవాడు మన వరుసలోనే ఉన్నారు. ఆ పట్టిక ముందుగా చేరవలసింది వారికే.