అవిశ్వాసపు లెక్క

మా చింతలపూడి మండలములోని యొక పల్లెలో వార్డు సభ్యురాలుగా నున్న యొకామె మొన్న మా యింటికి వచ్చి, "అక్కయ్యగారూ! మా ఉపసర్పంచును దింపవలెనని కొందరు సంతకములు కూర్చుచున్నారు. సమావేశమునకు వెళ్లకుండిన ఎవరికిని చెడ్డ కానక్కర లేదని మా వారనుచున్నారు. వెళ్లకున్న నేనెవరి పక్షమును కానట్లే గదా?" అని యడిగెను. ఇట్టి సందేహము పెక్కుమంది సభ్యురాండ్రకు కలుగదగినదే. కావున ఈ మాసము దానినే విచారింతము.

ఆంధ్రప్రదేశమున 1994వ సంవత్సరపు పంచాయతీరాజ్ చట్టములో 245వ సెక్షను ఈ విషయమును చెప్పుచున్నది. మొదట వ్రాతపూర్వకముగా నోటీసు ఇయ్యవలెను. దానిపై మొత్తము సభ్యులలో సగమునకు తక్కువ కాకుండ సంతకములుండవలెను. తీర్మానము నెగ్గుటకు మొత్తము సభ్యులలో మూడింట రెండు వంతుల వోట్లు కావలెను. పదవి చేపట్టిన నాలుగేండ్ల వరకు నోటీసు చెల్లదు. తొలుత ఈ గడువు రెండేండ్లే.

ఇందు 'మొత్తము' అను మాటయే కీలకము. సమావేశమునకు వచ్చినవారు మాత్రమే మొత్తము కారు. ఆ పదవి యెన్నికలో వోటు గలవారందరును, సర్పంచుతో సహా, లెక్కలోనివారే. ఒకరు కాలము చేసి స్థానము ఖాళీ పడినను ఆ స్థానమును తీసివేయరాదు. సస్పెండైన సభ్యుడును లెక్కకు వచ్చును. అతనికి వోటు కూడ కలదు.

సర్పంచుతో కలిసి 13 స్థానములు గల పంచాయతీని తీసికొందము. సగమన్న ఆరున్నర, అరమనిషి సంతకము చేయజాలడు గనుక 7 సంతకములు కావలెను. మూడింట రెండు వంతులు ఎనిమిదిన్నరకు మించును గనుక 9 వోట్లు. ఒక స్థానము ఖాళీ, ముగ్గురు ఇంట నుండిపోయిరి, తొమ్మండుగురు వచ్చిరి అనుకొందము. ఉపసర్పంచు తప్ప మిగిలిన 8 మందియు ఆయన వలదన్నను ఆయన పదవి కదలదు! మనము వచ్చినవారికే విస్తళ్లు వేయుదుము. ఈ చట్టము రానివారికిని లేనివారికిని కూడ వేయుచున్నది.

కనుక ఇంట కూర్చున్న సభ్యురాలు ఏ పక్షమును కాకుండుట లేదు. ఆమె వోటు పదవిలోనున్న వారికే చెందినట్లు. కౌరవసభలో ద్రౌపది ప్రశ్నకు బదులీయని పెద్దల మౌనము ఎవరికి తోడ్పడెనో మన మెరుగుదుము. మన రాష్ట్రమున పంచాయతీ స్థానములలో సగము స్త్రీలవి. పై పంచాయతీలో ఐదుగురు స్త్రీలు గడప దాటకున్న చాలును, మిగిలినవారెల్ల నేకమైనను తీర్మానము వీగిపోవును. ఉపసర్పంచు మంచివాడని తోచినచో వెళ్లి యామాట సభలో చెప్పుటయే మర్యాదయని మా యభిప్రాయము.

సర్పంచు మాట వేరు. ఆమెను ఊరివారే నేరుగా ఎన్నుకొందురు గావున వార్డు సభ్యులు అవిశ్వాసముతో దింపజాలరు. అధికారమును నిధులను దుర్వినియోగము చేసినచో జిల్లా కలెక్టరు సంజాయిషీ విని 249వ సెక్షను క్రింద తొలగింపవచ్చును. మధ్యప్రదేశమున పద్ధతి వేరు. అచ్చట పంచులు సర్పంచును దింపవచ్చును గాని, వచ్చి వోటు చేసినవారిలో నాలుగింట మూడు వంతులును, మొత్తములో మూడింట రెండు వంతులకు మించియు వోట్లు రావలెను. మన వైపున మహిళా సర్పంచును "అవిశ్వాసము పెట్టెదము" అని బెదరించి కాగితములపై సంతకములు చేయించుకొను వార్డు పెద్దలు ఈ సెక్షనులు చదివినవారు కారు.