సోఫీని మనకు ఎందుకు చెప్పలేదు?

ఉపాధ్యాయ శిక్షణలో విద్యా తత్త్వశాస్త్రం పేపరు రాసినవాళ్లను అర్ధరాత్రి నిద్రలేపి అడిగినా రూసో పేరు చెబుతారు. పుస్తకం ‘ఎమిలి’ అంటారు. ప్రకృతే గురువు, పిల్లవాణ్ని స్వేచ్ఛగా పెరగనివ్వాలి అని గడగడా అప్పజెబుతారు. నేనూ అలాగే రాశాను. మంచి మార్కులే వచ్చాయి. కొండరెడ్ల ఇంట పుట్టినదాన్ని కదా, ప్రకృతే గురువు అన్న మాట చదివి మురిసిపోయాను కూడా. ఎక్కడో ఫ్రాన్సులో 1762లోనే ఒకాయన మన సంగతి రాశాడే అనుకున్నాను.

పదేళ్లు పాఠాలు చెప్పాక తెలిసింది, ఆ పుస్తకానికి అయిదో భాగం ఒకటుందని. అందులో సోఫీ అనే అమ్మాయి ఉంది. ఎమిలికి కాబోయే భార్య. ఎమిలికి ఇచ్చిన స్వేచ్ఛ సోఫీకి లేదు. మగవాణ్ని మెప్పించడం, అతనికి పనికిరావడం, అణిగిమణిగి ఉండటం, ఇదే ఆమె చదువు. సరిగ్గా ముప్పై ఏళ్లకు, 1792లో, మేరీ వోల్‌స్టన్‌క్రాఫ్ట్ అనే ఇంగ్లండు రచయిత్రి రూసోని పేరుపెట్టి నిలదీసింది. ఆడదానికీ ఆలోచించే బుద్ధి ఉన్నప్పుడు చదువు వేరేగా ఎందుకుండాలి అని అడిగింది. నేను చదివిన గైడులో సోఫీ లేదు, మేరీ లేదు. మా తరగతిలో సగం మందిమి ఆడపిల్లలమే. రేపు ఆడపిల్లలకు పాఠం చెప్పబోయే మా చేత సగం పుస్తకం దాచిపెట్టి పరీక్ష రాయించారు.

దీనికి మందుగా ఇప్పుడు కొందరు ఒక చిట్కా చెబుతున్నారు. తత్త్వవేత్తల జాబితాలో ఇద్దరు ఆడవాళ్ల పేర్లు చేర్చితే చాలట. జనవరి 3న సావిత్రిబాయి ఫూలే పటానికి దండ వేసి, నాలుగో తారీఖున మళ్లీ పాత పాఠమే చెబుతాం కదా, ఇదీ అలాంటిదే. నేను అడుగుతున్నది పేర్ల గురించి కాదు. ప్రశ్న ఎవరిది అన్నదే నా తగాదా.

ఒక ఉదాహరణ చెబుతాను. నేను పనిచేసే కోరుకొండలో రోడ్డు మీద నిలబడితే ఒక బస్సు రాజమండ్రికి పోతుంది. ఎదురుగా వచ్చేది గోకవరం మీదుగా రంపచోడవరం, మా కొండలకు పోతుంది. కందుకూరి వీరేశలింగం గారు 1881 డిసెంబరు 11న రాజమండ్రిలో మొదటి వితంతు వివాహం జరిపించారని ప్రతి పిల్లకూ చెబుతాం. చెప్పాలి కూడా. 1874లోనే ధవళేశ్వరంలో ఆడపిల్లలకు బడి పెట్టిన మనిషి ఆయన. ఆయన ధైర్యం చిన్నది కాదు. కానీ ఆ పెళ్లికి రెండేళ్ల ముందు, 1879లో, అదే రోడ్డు అవతలి కొసన రంప కొండలు తిరగబడ్డాయి. కల్లు మీద చిగురు పన్నూ, పోలీసుల జులుమూ భరించలేక లేచాయి. ఆ కొండల్లో మొగుడు పోయిన ఆడది మారుమనువు చేసుకోవడం వింత కాదు. అక్కడ అది ఆచారమే. రాజమండ్రిలో చరిత్ర అయింది మా ఇళ్లలో మామూలు సంగతి. మరి ‘ఆనాటి ఆంధ్ర స్త్రీ’ అని పాఠంలో రాసినప్పుడు ఆ స్త్రీ ఎవరు? ఆ మాటలో మా ముత్తవ్వ ఉందా?

ఇది చదివి మన కుర్రాళ్లు చప్పట్లు కొడతారని తెలుసు. ‘చూశారా, ఆదివాసుల్లో ఆడా మగా సమానం. మనకు స్త్రీవాదం ఎందుకు?’ అంటారు. తమ్ముళ్లూ, అక్కడే ఆగండి. ఈ మాట నేను సభల్లో చాలాసార్లు విన్నాను. వేదిక మీద మాట్లాడేవాళ్లంతా మగవాళ్లే, కింద కూర్చుని వినేది ఆడవాళ్లు. ఒకప్పుడు పిల్లను అడిగి ఓలి ఇచ్చిన ఇళ్లలో ఇవాళ కట్నం లెక్క మాట్లాడుతున్నారు. చిల్లంగి పేరు పెట్టి మనిషిని వేధించడం మన ఊళ్లలో పూర్తిగా పోలేదు. ఇక భూమి సంగతి.

శిక్షణ పూర్తయిన ఏడాదే మా నాన్న పోయాడు. పెద్దలు కూర్చుని పొలాన్ని మా అన్నలకు పంచారు. మా అక్కా నేనూ అక్కడే ఉన్నాం, వచ్చినవాళ్లకు మంచినీళ్లు అందిస్తూ. ఆ పొలంలో కలుపు తీసింది మా అక్క. విత్తనం దాచింది మా అమ్మ. మమ్మల్ని ఎవరూ అడగలేదు. అడగాలని నాకూ తోచలేదు. స్వేచ్ఛ గురించి నాలుగు పేజీలు రాసి మార్కులు తెచ్చుకున్న నాకు తోచలేదు! అలాంటి తత్త్వశాస్త్రం చదివాను నేను.

చట్టం చూడండి. 1956 నాటి హిందూ వారసత్వ చట్టం, కేంద్రం ప్రత్యేకంగా ప్రకటిస్తే తప్ప షెడ్యూల్డు తెగలకు వర్తించదు. ఎన్టీఆర్ ప్రభుత్వం 1985 సెప్టెంబరు 5 నుంచి కూతుళ్లకు ఉమ్మడి ఆస్తిలో వాటా ఇచ్చినప్పుడు రాష్ట్రమంతా గొప్పగా చెప్పుకుంది. అది మన ఆడపిల్లల గడప తొక్కలేదు. 2006 అటవీ హక్కుల చట్టం మాత్రం పట్టా భార్యాభర్తలిద్దరి పేరా ఉండాలంది. 2025 జులై 17న సుప్రీంకోర్టు, ఛత్తీస్‌గఢ్‌కు చెందిన ఒక గోండు కుటుంబం కేసులో, కూతురికి వాటా లేదనే ఆచారం రుజువు కానప్పుడు ఆమె వారసులకు సమాన వాటా ఇవ్వాలని తేల్చింది. ఆ దావా మొదలైంది 1992లో. కింది కోర్టులు ‘వాటా ఉందనే ఆచారాన్ని నువ్వే రుజువు చెయ్యి’ అన్నాయి. పై కోర్టు ప్రశ్నను తిరగేసింది. రుజువు భారం ఎవరి మీద వేయాలి, ఆచారం ఎవరు చెబితే ఆచారం అవుతుంది, సమానత్వమూ సంప్రదాయమూ ఎదురుపడితే ఎటు నిలబడాలి? ఇంతకు మించిన తత్త్వశాస్త్రం ప్రశ్నలు ఏమున్నాయి? ఇవి కోర్టుకు వెళ్లేదాకా మన తరగతి గదిలో ఎందుకు రాలేదు?

‘ఆడపిల్లకు భూమి ఇస్తే బయటివాడు పెళ్లాడి కాజేస్తాడు’ అని మన పెద్దలు భయపడతారు. భయం ఉత్తిది కాదు. ఆదివాసీ భార్య పేరు అడ్డుపెట్టుకుని భూమి అనుభవించే గిరిజనేతరులు ఉన్నారు. కానీ 1/70 చట్టం ప్రకారం ఏజెన్సీ భూమి గిరిజనేతరుడికి బదలాయింపు కాదు, వాడు మొగుడైనా సరే. మరి ఇన్నేళ్లుగా పోయిన భూముల కాగితాల మీద వేలిముద్రలు ఎవరివి? ఎక్కువ భాగం మగవాళ్లవే. అందుకని మగవాడికి వాటా వద్దని ఏ పెద్దా అనలేదు. తన భూమి మీద తనకు మాట చెల్లే ఆడదాన్ని బినామీ చేయడం కష్టం. మాట చెల్లనిదాన్నే చేస్తారు.

స్త్రీవాదం పరాయి సరుకు అనేవాళ్లకు జైపాల్ సింగ్ ముండాను గుర్తుచేస్తాను. 1946 డిసెంబరు 19న రాజ్యాంగ సభలో ఆదివాసుల తరఫున మాట్లాడుతూ, ఇక్కడ మగవాళ్లు మరీ ఎక్కువయ్యారు, ఆడవాళ్లు ఇంకా రావాలి అన్నాడాయన. ఆ సభలో పాల్గొన్న 15 మంది స్త్రీలలో ఆదివాసీ ఒక్కరూ లేరు.

ఎవరి మాట నమ్మదగినది అన్నది కూడా తత్త్వశాస్త్రమే. 2007 ఆగస్టు 20న వాకపల్లిలో పోలీసులు తమపై అత్యాచారం చేశారని 11 మంది కోందు స్త్రీలు చెప్పారు. 2023 ఏప్రిల్‌లో కోర్టు దర్యాప్తు లోపాలను ఎత్తిచూపి, నిందితులను విడిచిపెట్టి, ఆ స్త్రీలకు పరిహారం ఇవ్వమంది. దాదాపు పదహారేళ్లు వాళ్లు ఒకే మాట మీద నిలబడ్డారు. ‘సాక్ష్యం’, ‘సత్యం’ అనే మాటలు బోర్డు మీద రాసేటప్పుడు ఉపాధ్యాయులకు వాకపల్లి గుర్తుకు రావాలి.

అందుకే నేను అడిగేవి చిన్నవే. రూసో పాఠం చెప్పే రోజునే సోఫీనీ, మేరీనీ చెప్పండి. ‘జ్ఞానం అంటే ఏమిటి’ అనే పాఠానికి మామిడి టెంక తెండి. టెంక పగలగొట్టి, జీడి తీసి, చేదు విరిగేదాకా నీళ్లలో ఊరబెట్టి, ఎండబెట్టి, దంచి అంబలి కాస్తారు మన అవ్వలు. ఎన్నాళ్లు ఊరాలో ఏ పుస్తకం చెప్పింది? ఎవరు కనిపెట్టారు? ఎన్నిసార్లు తప్పి నేర్చుకున్నారు? దాన్ని జ్ఞానం అనకుండా ‘అలవాటు’ అని ఎందుకంటున్నాం? పిల్లల చేత ఈ ప్రశ్నలు వాళ్ల అవ్వలనే అడిగించండి. అవ్వ మాటను వాళ్ల మాటల్లోనే రాయించి, దానికీ మార్కులు వేయండి. మా ఇంట్లో భూమి ఎవరి పేర ఉంది, ఎందుకు, అని ప్రతి పిల్లా ఒక పేజీ రాయాలి. మగపిల్లలూ రాయాలి. ముందు టీచర్లం మనం రాద్దాం.

నేను నా పేజీ రాశాను. ఈసారి మామిడి పండుగకు ఊరెళ్లి పెద్దల ముందు మా అక్క వాటా సంగతి ఎత్తుతాను. అన్నలకు కోపం వస్తుంది. ఉద్యోగం ఉన్నదానివి, నీకెందుకు అంటారు. అననీ. అక్కకు ఉద్యోగం లేదు. ఆ పొలంలో ఆమె తీసిన కలుపు నాకు గుర్తుంది.