కావలి కథ ఎవరు తీస్తారు?

మళ్లీ ఒక రాయలసీమ ఫ్యాక్షన్ సినిమా వచ్చింది. మళ్లీ అవే సుమోలు, అవే నాటుబాంబులు, అవే వేటకొడవళ్లు. 1999లో ‘సమరసింహారెడ్డి’ ఆడింది మొదలు ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల పేర్లు విలన్ల చిరునామాలైపోయాయి. హత్యలు జరగలేదా అంటారు. జరిగాయి, ఆ ఇళ్లలో ఏడ్చింది మనవాళ్లే. మా కోపం నెత్తురు చూపించినందుకు కాదు, దాని వెనకున్న చరిత్రను ఎగ్గొట్టినందుకు.

కత్తి వెనకున్న కారణాన్ని చూపించిన సినిమాలూ ఉన్నాయి. 1925లో జపాన్‌లో ఫుతగావా బుంతారో ‘ఒరోచి’ అనే మూకీ తీశాడు. అందులో మంచి మనసున్న ఒక పేద సమురాయ్ ఉంటాడు. పరువుగలవాళ్ల మాట చెల్లుతుంది, అతని మాట చెల్లదు. చివరికి దొరతనపు భటులు గుంపులుగా చుట్టుముట్టి తాళ్లతో బంధిస్తారు. ఇక్కడ తప్పెవరిదో సినిమా దాచదు.

అలాంటి కథకు మన సీమలో సరుకు లేదా? పాళెగాడంటే ఉత్త కత్తి కాదు, ఊళ్ల కావలి అతనిది. రైతులు కావలి రుసుం కట్టేవారు. దొంగతనం జరిగితే సొత్తు పట్టివ్వాలి, లేదంటే నష్టం తానే కట్టాలి. ఆ కావలిదారే కొల్లగొట్టిన ఊళ్లూ ఉన్నాయి. కట్టుబడి బంట్రోతులు ఇనాం చేలు దున్నుకుంటూ ఈ కావలి కొలువు చేశారు. 1800లో నిజాం ఈ జిల్లాలను కుంపిణీకి ధారపోశాడు. 1807లో వెళ్లిపోయేలోగా ఇక్కడి కలెక్టర్ మన్రో పాళెగాళ్లను అణిచేశాడు. తర్వాత కట్టుబడుల ఇనాములకూ గండి పడింది. చేను పోయినవాళ్లే 1846లో కుంపిణీపై తిరగబడ్డ ఉయ్యాలవాడ నరసింహారెడ్డి వెంట నడిచారు. 1847 ఫిబ్రవరి 22న కోయిలకుంట్లలో ఆయన్ను ఉరితీశారు. 2019లో ‘సైరా’ వీరుణ్ణి ఆకాశానికెత్తింది. ఆ బంట్రోతు ఇంట్లో పొయ్యి ఎందుకు ఆరిందో చెప్పడానికి ఎన్ని సీన్లు ఖర్చుపెట్టింది?

మనవాళ్లకు అలాంటి కథ చేతగాక అంటే ఒప్పుకోం. పులివెందుల తాలూకా కొత్తపల్లిలో పుట్టిన బి.ఎన్.రెడ్డి 1951లోనే ‘మల్లీశ్వరి’ తీశారు. మల్లీశ్వరి గుమ్మం ముందు రాణివాసపు పల్లకీ దిగితే కాదనే ధైర్యం ఎవరికుంది? ఆమె కోసం అంతఃపురం గోడ దాటిన ప్రియుడు నాగరాజుకు మరణశిక్ష. చివర్లో రాయలు క్షమిస్తాడు, నిజమే. కానీ అప్పటిదాకా ఆ పిల్ల బతుకు రాజాజ్ఞ కింద ఎలా నలిగిందో చూడండి. ఒక్క తల తెగలేదు, ఒక్క బాంబు పేలలేదు. పులివెందుల అనగానే తొడగొట్టించే దర్శకులకు ఆ తాలూకా మనిషి తీసిన ఈ సినిమా గుర్తుకురాకపోవడం మనకు అవమానం.

కడపలో బ్రౌన్ గ్రంథాలయం ఉంది. అక్కడ, కుంపిణీ అధికారి మెకంజీ రాయించిన ఊరి చరిత్రల్లో, అంటే కైఫీయత్తుల్లో, ఈ ఊళ్ల పాళెగాళ్లూ కావళ్లూ కనిపిస్తాయి. సీమ మీద కథ రాసే రచయితలు లొకేషన్లు వెతికే ముందు అక్కడికి వెళ్లి నాలుగు రోజులు కూర్చోవాలి. అది చేయకుండా తీసే సినిమాను సీమ సినిమా అని మా పత్రిక రాయదు.