భయానకము రసమగుట ఎప్పుడు?

నార్వే దేశమునందలి బెర్గెన్ నగరమున గ్రీగ్‌హాలెన్ అను సంగీతభవనము కలదు. 1843లో ఆ నగరముననే జన్మించిన స్వరకర్త ఎడ్వర్డ్ గ్రీగ్ పేరిట అది వెలసినది. ఆ భవనమునందలి రికార్డింగు స్టూడియోలో 1993 జూలై మాసమున ‘ఎంపరర్’ అను యువకుల బృందము ఒక ఆల్బమును సిద్ధపరచినది. దాని పేరు ‘ఇన్ ది నైట్‌సైడ్ ఎక్లిప్స్’, 1994లో వెలువడినది. సింఫొనిక్ బ్లాక్ మెటల్ అను సంగీతశాఖకు మూలస్తంభములలో ఒకటిగా దీనిని ఎన్నుదురు. ప్రధాన గాయకుడైన ఇహ్‌సాన్‌కు నాటికి 17 ఏండ్లు. పాఠశాలలో పై తరగతి బల్లపై కూర్చుండు వయస్సు అది.

బ్లాక్ మెటల్ అను పేరు ఇంగ్లండు దేశపు ‘వెనమ్’ బృందము 1982లో వెలువరించిన ఆల్బమునుండి వచ్చినది. ఎడతెగని డ్రమ్ముల వేగము, క్షణమాగక మీటు గిటారు, గొంతు చీల్చుకొని వచ్చు కేక దీని లక్షణములు. ఎంపరర్ యువకులు దీనికి సింఫొనీ గాంభీర్యమును చేర్చిరి. వయొలిన్ల వరుసలు వారి వెంట లేవు; ఇహ్‌సాన్ కీబోర్డుపై పలికించిన దీర్ఘస్వరములే ఆ లోటును తీర్చినవి. దట్టమైన అడవి, నక్షత్రములు నిండిన రాత్రి, మంత్రగాండ్రు ఆ పాటలకు విషయములు. తొలిసారి వినునపుడు హోరు మాత్రమే తోచును. ఓపికతో విన్నవారికి ఆ హోరుపై నిదానముగా కదలు స్వరపంక్తి వినవచ్చును. పరుగెత్తు డ్రమ్ములపై నిలుకడగల స్వరములను నిలుపుటయే ఈ కృతియందలి నేర్పు.

దీనిని వికృతఘోషయని త్రోసివేయుట సులభము. కాని భరతముని నాట్యశాస్త్రమున పేర్కొన్న ఎనిమిది రసములలో భయానక, బీభత్సములును కలవు. శృంగార వీరములకు పీట వేసి, భయానకమును వాకిట నిలుపుట శాస్త్రసమ్మతము కాదు. అయితే లోకమునందలి భయము వేరు, రసమైన భయానకము వేరు. ప్రేక్షకుడు రంగస్థలముపై రాక్షసుని చూచి వణకును. కాని లేచి పారిపోడు. ఇది కల్పనయను ఎరుక అతనికి కలదు. ఆ ఎరుకయే రసమునకు హద్దు.

నార్వే యువకులలో కొందరు ఆ హద్దును చెరిపివేసిరి. 1992 జూన్ 6న బెర్గెన్ సమీపమున ఫాంటాఫ్ట్ కొయ్య చర్చి దగ్ధమైనది. 12వ శతాబ్దపు ఆ కట్టడమును మరల నిర్మించుట 1997 నాటికి గాని పూర్తి కాలేదు. అటుపిమ్మట మరికొన్ని చర్చిలు కాలినవి. ఈ ఆల్బమున గిటారు వాయించినవారిలో ఒకడు చర్చి దహన నేరమునకు శిక్ష పొందెను. డ్రమ్ములు వాయించిన యువకుడు 1992 ఆగస్టులో లిల్లెహామర్ పట్టణమున ఒక మనుష్యుని కత్తితో పొడిచి చంపెను. 1994లో న్యాయస్థానము అతనికి 14 ఏండ్ల కారాగారశిక్ష విధించినది. అనగా స్టూడియోలో ఆ డ్రమ్ములు మ్రోగునాటికే ఆ చేతులకు నెత్తురంటినది.

ఈ చరిత్రను చూచి కొందరు అభిమానులు, నేరమే ఆ సంగీతమునకు నిజాయితీని ఇచ్చినదని వాదింతురు. ఇంతకంటె పెద్ద పొరపాటు లేదు. కొయ్య చర్చిని కాల్చుటకు అగ్గిపుల్ల చాలును. అందుకు ప్రతిభ అక్కరలేదు. సుమారు 48 నిమిషములపాటు శ్రోతను చీకటి అడవిలో నిలిపి, క్షేమముగా వెలుగులోనికి తెచ్చుటకు సాధన కావలెను. ఆల్బమునందున్నది సాధన, వీథిలో జరిగినది దౌర్జన్యము. రెండవదానితో మొదటిదానికి వన్నె తెచ్చుట కళకును, చనిపోయినవానికిని చేయు అవమానము.

తంజావూరు సీమయందలి మేలట్టూరులో తెలుగున ఆడు భాగవతమేళము ఇచట జ్ఞప్తికి రాదగినది. ప్రహ్లాద చరిత్రమున నరసింహుని ముఖము ధరించిన నటుడు ఆవేశమున మైమరచును. అతనిని పట్టి ఆపుటకు మనుష్యులు ప్రక్కనే నిలిచియుందురు. ఉగ్రత్వమును ఆ సంప్రదాయము వెలివేయలేదు. దానికి కాపు పెట్టినది. నార్వే యువకులకు వేషము దొరకినది గాని, పట్టి ఆపువారు దొరకలేదు.

2014లో ఆల్బమునకు ఇరువదియేండ్లు నిండిన సందర్భమున, శిక్ష ముగిసి వచ్చిన ఆ డ్రమ్ము వాద్యకారుడే జర్మనీలోని వాకెన్ ఉత్సవమున బృందముతో కలిసి ఈ పాటలు వాయించెను. శిక్ష అనుభవించినవానికి వాద్యమును నిరాకరింపవలెనని న్యాయము చెప్పదు. కాని చప్పట్లు కొట్టు శ్రోత తాను దేనికి కొట్టుచున్నాడో ఎరుగవలెను.

ఇట్టి పాటలు నేడు విద్యార్థుల చెవులకు చేరుట కష్టము కాదు. ఉపాధ్యాయుడు దానిని లాగికొన్నచో అది రహస్యవిద్యయై మరింత ఆకర్షించును. నేరమును దాచి కళను మాత్రమే పొగడినచో అర్ధసత్యమగును. స్వరరచనను స్వరరచనగా వినిపించి, హత్యను హత్యయని చెప్పుట ఉచితము. పదునేడేండ్ల బాలునకు భయమును స్వరముగా మలచు శక్తి కలదని ఈ ఆల్బము చాటినది. ఆ శక్తి ఎచ్చట ఆగవలెనో నేర్పుట పెద్దల పని.