తెరకెక్కనిదీ వాస్తవమే

2025 ఫిబ్రవరి 22 ఉదయం దోమలపెంట దగ్గర శ్రీశైలం ఎడమగట్టు కాలువ సొరంగం పైకప్పు కూలింది. లోపల ఎనిమిది మంది చిక్కుకుపోయారు. ఆ రోజు నుంచి నాగర్‌కర్నూల్ జిల్లా ప్రతి తెలుగింటి టీవీలోనూ కనిపించింది. పద్నాలుగో కిలోమీటరు, మేటవేసిన బురద, ర్యాట్‌హోల్ మైనర్లు, కేరళ జాగిలాలు జనానికి కంఠతా వచ్చాయి. ఇద్దరి మృతదేహాలు దొరికాయి. ఏప్రిల్‌లో గాలింపు ఆపేనాటికి ఆరుగురు లోపలే ఉన్నారు. తెర మాత్రం అప్పటికే వేరే వార్తకు వెళ్లిపోయింది.

సొరంగం కూలడానికి నెల ముందు ఇదే జిల్లాలో, బల్మూర్ మండలం మైలారంలో, మా గుట్టను తవ్వొద్దని జనం పోరాడుతున్నారు. వాళ్లకు మద్దతుగా బయల్దేరిన పౌరహక్కుల నేత ప్రొఫెసర్ హరగోపాల్‌ను పోలీసులు దారిలోనే అదుపులోకి తీసుకున్నారు. అప్పుడు మైలారం పేరు రాష్ట్రమంతా వినబడింది. అరెస్టు వార్త అయింది. గుట్ట, దాని కింది పొలాలు, ఊరి భయం ఆ వార్తకు తోక అయ్యాయి.

టీవీ మనల్ని తప్పుదారి పట్టించడానికి అబద్ధం చెప్పనక్కర్లేదు. ఏది చూపాలో ఎంచుకుంటే చాలు. 2004లో టీవీ9 వచ్చినప్పటి నుంచి తెలుగులో వార్త ఇరవై నాలుగు గంటల సరుకైంది. దానికి ప్రతి గంటా కొత్త దృశ్యం కావాలి. పైకప్పు కూలడానికి ఒక గంట ఉంది. సొరంగంలో ఏళ్లుగా ఊరుతున్న నీటికి లేదు. గుట్ట కరిగిపోవడానికీ, వలస కూలీలతో పాలమూరు బస్సు బొంబాయికి కదలడానికీ లేదు. అందుకే కారణాలు కనబడవు, ఫలితాలే కనబడతాయి. కారణం తెలియని ప్రేక్షకుడు ప్రమాదాన్ని తలరాత అనుకుంటాడు. ఎవరి నిర్ణయం, ఎవరి నిర్లక్ష్యం అని అడగడు. టీవీ చేస్తున్న అసలు నష్టం ఇదే.

సొరంగంలో చిక్కుకున్నవాళ్లు జార్ఖండ్, ఉత్తరప్రదేశ్, పంజాబ్, జమ్మూకశ్మీర్ నుంచి వచ్చినవాళ్లు. దేశమంతటా ప్రాజెక్టులకు మట్టి మోసిన పాలమూరు లేబర్‌కు ఆ బతుకు కొత్త కాదు. పరాయి ఊళ్లో కూలిపని ఎలాంటిదో ఉమ్మడి పాలమూరులోని ఈ జిల్లాకు ఏ చానలూ చెప్పనక్కర్లేదు. ఆ అనుభవాన్ని అక్షరం చేయాల్సింది ఇక్కడి కథకులు, కవులు, మండల విలేకరులు. కెమెరా వెళ్లిపోయాక మిగిలిన కాలమే సాహిత్యానికి ముడిసరుకు.

చానళ్లను మనం కోరేది ఒక్కటే: వెళ్లిన చోటికి మళ్లీ వెళ్లండి. ఆరుగురి కుటుంబాలకు ఏం జరిగిందో, మైలారం గుట్ట మీద ఏ నిర్ణయం అయిందో చెప్పండి. ప్రేక్షకులూ అడగాలి. అడిగే ప్రేక్షకుడు ఉన్నప్పుడే, తిరిగి వెళ్లాలనుకునే విలేకరికి డెస్కు దగ్గర బలం ఉంటుంది.