చీర మీదికి ఎక్కిన ‘పుష్ప’... సూరత్‌కు చేరని తెలుగు మాట

2022 జనవరిలో సూరత్‌లోని ఒక వస్త్ర వ్యాపార సంస్థ ‘పుష్ప: ది రైజ్’ పోస్టర్లను చీరల మీద ముద్రించింది. అల్లు అర్జున్, రష్మిక మందన్న బొమ్మలున్న ఆ చీరలు సోషల్ మీడియాలో తిరగడంతో వేర్వేరు రాష్ట్రాల నుంచి ఆర్డర్లు వచ్చాయి. సినిమా విడుదలై అప్పటికి నెల దాటిందంతే. గిరాకీ ఉంటుందనిపించని బొమ్మను సూరత్ మార్కెట్ చీరపైకి ఎక్కించదు. తెలుగు సినిమా ఎంత దూరం వెళ్లిందో చెప్పడానికి ఆ చీరే ఒక కొలమానం.

నిజానికి ఆ నగరానికి తెలుగు కొత్తేమీ కాదు. తెలంగాణ జిల్లాల నుంచి వలస వెళ్లిన పద్మశాలీ కుటుంబాలు దశాబ్దాలుగా అక్కడి మరమగ్గాలనే నమ్ముకుని బతుకుతున్నాయి. లింబాయత్ ప్రాంతంలో తెలుగువాళ్లు పెద్ద సంఖ్యలో ఉన్నారు. సూరత్ నగరపాలక సంస్థ గుజరాతీ, మరాఠీ, హిందీ, ఉర్దూ వంటి భాషలతో పాటు తెలుగు మాధ్యమంలోనూ బడులు నడుపుతోంది. కానీ పుష్పను చీర దాకా తీసుకెళ్లింది ఈ తెలుగువాళ్లు కాదు, శ్రేయస్ తల్పడే గొంతుతో హిందీలో సినిమా చూసిన ప్రేక్షకులు.

ఈ దారి ఒక్క రోజులో పడలేదు. టీవీ చానెళ్లు, యూట్యూబ్ ఏళ్ల తరబడి చూపించిన హిందీ డబ్బింగ్ సినిమాలే ఉత్తరాదిలో మన హీరోలను ఇంటింటికీ పరిచయం చేశాయి. 2024 నవంబర్‌లో ‘పుష్ప 2’ ట్రైలర్‌ను పట్నా గాంధీ మైదానంలో విడుదల చేయడానికి కారణం అదే. ఆ సినిమాకు మన దేశంలో తెలుగు వెర్షన్ కంటే హిందీ వెర్షనే ఎక్కువ వసూలు చేసింది.

ఇక ‘ఆర్ఆర్ఆర్’ సంగతి మరీ విచిత్రం. 2022 మేలో నెట్‌ఫ్లిక్స్‌లోకి వచ్చింది హిందీ వెర్షన్. తెలుగు వెర్షన్ జీ5కి వెళ్లింది. అలా విదేశీ ప్రేక్షకుల్లో చాలామంది ఇంట్లో విన్నది ‘నాచో నాచో’. 2023 మార్చిలో ఆస్కార్ అందుకున్నది మాత్రం ‘నాటు నాటు’.

ఇండోనేషియాను చూస్తే తేడా తెలుస్తుంది. 2023లో నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన ‘గాదిస్ క్రెతెక్’ సిరీస్‌ను ఇండోనేషియా భాషలోనే తీశారు. విదేశీయులు ఆ మాటలు వింటూ, కింద సబ్‌టైటిళ్లు చదువుకుంటూ చూడగలిగారు. పశ్చిమ జావాలోని గరుత్ నుంచి వచ్చిన ముగ్గురమ్మాయిల మెటల్ బ్యాండ్ ‘వాయిస్ ఆఫ్ బాచెప్రోత్’ ఇంగ్లిష్‌తో పాటు తమ సుందా భాషలోనూ పాడుతుంది. 2024లో బ్రిటన్‌లోని గ్లాస్టన్‌బరీ వేదిక దాకా వెళ్లింది. వసూళ్లలో మన సినిమాతో పోల్చదగ్గ స్థాయి వాళ్లది కాకపోవచ్చు. కానీ వాళ్ల పేరుతో పాటు వాళ్ల మాట కూడా ప్రయాణిస్తోంది.

డబ్బింగ్ తప్పని దీని అర్థం కాదు. హాలీవుడ్, తమిళ సినిమాలను మనం తెలుగులోనే చూస్తున్నాం. డబ్బింగే లేకపోతే సూరత్ చీర మీదికి పుష్ప వచ్చేవాడే కాదు. చిక్కల్లా, డబ్బింగ్ తప్ప మరోటి అందుబాటులో లేనప్పుడే. పుష్పరాజ్ మాట్లాడే చిత్తూరు యాస హిందీలోకి రాదు. ఆ యాస లేకపోతే ఆ పాత్రలో సగం పోయినట్టే.

దీనికి మందు నిర్మాతల చేతిలోనే ఉంది. ఓటీటీ హక్కులు అమ్మేటప్పుడు ఏ వేదికలోనైనా తెలుగు ఆడియో తప్పనిసరిగా ఉండాలని ఒప్పందంలో రాయించుకోవచ్చు. సూరత్, భివండి, షోలాపూర్ వంటి తెలుగువాళ్లున్న ఊళ్లలో సబ్‌టైటిళ్లతో తెలుగు ఆటలు పెంచొచ్చు. పక్కింటి గుజరాతీ కుర్రాడు మెచ్చుకునే హీరో మాట్లాడేది తమ ఇంటి భాషేనని లింబాయత్ పిల్లలకు తెర మీద వినిపించాలి. తెలుగు బడి ఒక్కటే మోస్తున్న బరువులో కొంత అప్పుడు సినిమా కూడా మోసినట్టవుతుంది.